అడగకుండా అప్‌డేట్ కొట్టినోళ్లే వచ్చి ఈ పెళ్లి కార్డులు కంపోజ్ చేయాలి

పొద్దున ప్రెస్‌కు వచ్చి సిస్టం ఆన్ చేస్తే, మేం కార్డులు, పేజీలు కూర్చే అడోబ్ కంపెనీ సాఫ్ట్‌వేర్ ఇన్‌డిజైన్ కొత్త వెర్షన్ కనబడింది. రాత్రి సర్వీసు కుర్రాడు వేసిపోయాడట. "లేటెస్ట్ వేయించిన, ఇగ పని జల్ది అయితది" అని మా సేట్ ఒకటే సంబరం.

దేవరకొండ పార్టీ పెళ్లి కార్డు కోసం పాత ఫైలు తెరిచాను. అక్షరాల మీదంతా గులాబీ రంగు. చి.ల.సౌ. ఉండాల్సిన చోట ఇంగ్లిష్ అక్షరాలు, కామాలు, బ్రాకెట్లు. మన పాత తెలుగు ఫాంట్లు ఇంగ్లిష్ అక్షరాల స్థానాల్లో తెలుగు ముక్కలు కూర్చి చేసినవి. ఫాంట్ అందకపోతే ఇదే గతి.

ఫాంట్లు మాత్రం ఎక్కడికీ పోలేదు, సిస్టంలోనే ఉన్నాయి. అవి టైప్ 1 అనే పాతకాలం రకం ఫాంట్లు, కొత్త వెర్షన్ వాటిని తీసుకోదు. ఆపేస్తామని అడోబ్ 2021లోనే చెప్పి 2023 జనవరిలో ఆపేసింది. రెండేళ్ల ముందే తెలిసిన సంగతి ఇది! వేసిన కుర్రాడికి తెలియదు, వేయించిన సేట్‌కు పట్టదు. రోజంతా ఆ సీట్లో కూర్చునే నన్ను ఒక్క మాట అడిగితే ఏం పోయేది?

వేరే ఫాంట్ పెట్టి అంతా మళ్లీ కొడితే లైన్లు జరిగిపోయాయి. ముహూర్తం ఒక పేజీలో, వేదిక ఇంకో పేజీలో. సరిచేసి హైదరాబాద్ పంపుదామంటే ప్రింటింగ్ ప్లేట్లు చేసేవాళ్ల దగ్గర ఉన్నది 2012 నాటి ఇన్‌డిజైన్ సీఎస్6 వెర్షన్. కొత్త ఫైలు అందులో తెరుచుకోదు. వాళ్లకేమో మార్పులు చేసుకోగలిగే ఓపెన్ ఫైలే కావాలి. పాత వెర్షన్లలో కూడా తెరుచుకునే ఐడీఎంఎల్ ఫైలుగా సేవ్ చేసి పంపాను, అక్కడ ఏ ఒత్తు ఎటు జారుతుందోనని టెన్షన్.

అసలు డీటీపీ ఆపరేటర్ అంటే ఎవరికి లెక్క? ఫోన్లలో, ఇంటర్నెట్‌లో అందరూ వాడే అక్షరాల పద్ధతి యూనికోడ్‌లో తెలుగు 1991 నుంచే ఉంది. ప్రెస్సులు ఇంకా పాత ఫాంట్లనే పట్టుకు వేలాడుతున్నాయి. పార్టీలు వాట్సాప్‌లో యూనికోడ్‌లో పంపిన మ్యాటర్‌ను పాత ఫాంట్లలోకి మార్చే కన్వర్టర్‌లో వేస్తే పొల్లులు ఎగిరిపోతాయి. ఇంటిపేరు తప్పు పడితే కార్డులన్నీ మళ్లీ వేయాలి, తిట్లు నాకు. మంచి యూనికోడ్ ఫాంట్లు కొనండని ఎన్నిసార్లు మొత్తుకున్నా డబ్బుల్లేవన్న సేట్‌కు, ఎవరూ అడగని అప్‌డేట్‌కు మాత్రం డబ్బులు దొరికాయి.

పాత వెర్షన్ కూడా పక్కన వేయించేదాకా పాత ఫైలు ఒక్కటి కూడా ముట్టనని చెప్పేశాను. నల్లగొండలో ఇంకెవరి ప్రెస్‌లోనైనా ఇట్లా అప్‌డేట్ పెడుతుంటే ముందే ఆపండి అన్నా.