తన పాత్రను తానే రాసుకున్న నటుడు

బల్గేరియా నటుడు రూసీ చానెవ్‌ను దర్శకుడు గియోర్గి ద్యుల్గెరోవ్ చిత్రాల కథానాయకుడిగా పరిచయం చేసి ఊరుకుంటే సగం మాటే చెప్పినట్టు. 1945లో నల్లసముద్రపు రేవు పట్టణం బుర్గాస్‌లో పుట్టిన చానెవ్, ఆ చిత్రాల్లో ముఖ్యమైనవాటికి ద్యుల్గెరోవ్‌తో కలిసి స్క్రీన్‌ప్లే కూడా రాశారు. ఆయన నటనకున్న బలం ఆ రాతలోనే ఉందని నా నమ్మకం.

ఆ చిత్రాల్లో ఒకటైన ‘అవాంతాజ్’ 1950ల నాటి బల్గేరియాలో తిరిగే ఒక జేబుదొంగ కథ. ఆ దొంగ చానెవే. అతని మారుపేరు పెతెల, అంటే కోడిపుంజు. ఈ విద్యలో చెయ్యి చేసే పని ముఖానికి తెలియకూడదు: వేళ్లు ఎదుటివాడి జేబులోకి దిగుతున్న క్షణాన కళ్లు ఇంకెక్కడో ఉండాలి, నోటి మాట తడబడకూడదు. నటుడి విద్యకూ దీనికీ ఉన్న చుట్టరికాన్ని నటుడే బాగా ఎరుగును. పెతెలను దుర్మార్గుడిగానో, కాలానికి బలైపోయిన అమాయకుడిగానో తేల్చేయడం సులువైన దారి. స్క్రిప్టుకు ప్రభుత్వ ఆమోదం దొరికితే తప్ప కెమెరా తిరగని ఆ రోజుల్లో క్షేమకరమైన దారి కూడా. చానెవ్ ఆ రెండు దారులనూ వదులుకున్నారు. ఆయన పెతెల చలాకీతనంతో మనల్ని దగ్గరకు తీసుకుంటాడు, కానీ ఆ చలాకీతనమే అతని పనిముట్టు కూడా కాబట్టి, అతన్ని ఎంతవరకు నమ్మవచ్చో మనకు తేలదు. వేరొకరు రాసిచ్చిన సంభాషణను ఎంత చక్కగా పలికినా ఇంతటి తెగని సందేహాన్ని పాత్రలో నిలబెట్టడం కష్టం. 1978 బెర్లిన్ చిత్రోత్సవంలో ఈ చిత్రానికి ద్యుల్గెరోవ్ ఉత్తమ దర్శకుడిగా సిల్వర్ బేర్ అందుకున్నారు. ఆ గౌరవంలో రాతకూ వాటా ఉంది.

వీరిద్దరి మరో చిత్రం, మూడు భాగాల ‘మెరా స్పోరెద్ మెరా’, 1981లో వచ్చింది. అది బల్గేరియా రాజ్యస్థాపనకు 1300 ఏళ్లు నిండాయని ప్రభుత్వం ఘనంగా ఉత్సవాలు చేసిన సంవత్సరం. రాజ్యస్థాపకుడి మీద ‘ఖాన్ అస్పరూఖ్’ అనే భారీ చిత్రం వెలువడింది కూడా అప్పుడే. చానెవ్ మాత్రం దిల్బెర్ తనాస్ అనే గొర్రెల కాపరిగా కనిపించారు. అప్పటికింకా ఒట్టోమన్ ఏలుబడిలో ఉన్న మాసిడోనియాలో 1903 నాటి ఇలిందెన్ తిరుగుబాటు కాలం అది. తనాస్ వీరుడిగా పుట్టినవాడు కాదు, ఉద్యమాన్ని వెతుక్కుంటూ వెళ్లినవాడూ కాదు. ఉద్యమమే వచ్చి అతని మీద పడుతుంది. మంద తప్ప లోకం తెలియని మనిషి విప్లవంలోకి అడుగు తర్వాత అడుగుగా నడిచి వెళ్లడాన్ని మూడు భాగాల పొడవునా తొందరపడకుండా చూపడానికి, ఏ అడుగు ఎక్కడ పడాలో కాగితం మీద ముందే నిర్ణయించుకున్న నటుడు కావాలి.