బల్లి, బోర్డు, భూగోళం

కంపెనీ పంపిన మెయిల్ చివర చిన్న ఆకు బొమ్మ ఉంది. దాని పక్కన ఆకుపచ్చ అక్షరాల్లో ఒక విన్నపం: "ప్రింటు తీసే ముందు ఒక్కసారి పర్యావరణం గురించి ఆలోచించండి." ఆలోచించాను. తీయలేదు. నిజానికి మా ఇంట్లో ప్రింటరే లేదు, అయినా తీయని పుణ్యం ఎక్కడో నా ఖాతాలో పడే ఉంటుంది. ఇక ఆ ఆకుకు పైన రాసిన సంగతేమిటంటే, మా వాషింగ్ మెషీన్‌కు బోర్డు దొరకదు, కాబట్టి మెషీనే మార్చేసుకోండి అని.

అరవై కిలోల యంత్రాన్ని అవతల పారేయమంటూ అయిదు గ్రాముల కాగితాన్ని మాత్రం కాపాడమంటున్నారేమిటని కొందరికి అనిపించవచ్చు. నాకూ మొదట్లో అలాగే అనిపించింది. కస్టమర్ కేర్‌తో ఇరవై మూడు రోజులు కాపురం చేశాక జ్ఞానోదయమైంది. ఈ దేశంలో పర్యావరణం కోసం నిస్వార్థంగా పాటుపడుతున్నది వాళ్లే. దాన్ని పాడుచేస్తున్నది నాలాంటి ఫిర్యాదుదారులు.

ఇదంతా ఒక బల్లితో మొదలైంది. ఓ సోమవారం పొద్దున స్విచ్ వేస్తే మెషీన్ లైట్లు ఒక్కసారి మిణుక్కుమని ఆరిపోయాయి. రెండు రోజులకు వచ్చిన టెక్నీషియన్ కుర్రాడు మూత విప్పాడు, ఫోన్ లైటు వేసి చూశాడు, అప్పడంలా ఎండిపోయిన బల్లిని స్క్రూడ్రైవర్ కొనతో బయటికి లాగి మా ఆవిడ ముందు పెట్టాడు.

"బల్లి పడింది మేడమ్. బోర్డు షార్టయింది. వారంటీలో బల్లి రాదు."

మా ఆవిడ వెంటనే పంచాంగం తీసింది. బల్లి తల మీద పడితే ఏమిటి, కుడి భుజం మీద పడితే ఏమిటి, పాదం మీద పడితే ఏమిటి అన్నీ ఉన్నాయి. సర్క్యూట్ బోర్డు మీద పడితే ఏం ఫలమో పూర్వులు రాసిపెట్టలేదు. ఆ ఫలం కంపెనీ వాళ్లే చెప్పారు: తొమ్మిది వేల ఆరువందలు, జీఎస్టీ అదనం, అదీ బోర్డు దొరికితే.

"మోటారుకు పదేళ్ల వారంటీ అన్నారు కదా బాబూ?" అన్నాను.

"మోటారు సూపరుంది సార్. మీరు ఏం ఫికర్ పడొద్దు."

నిజమే. మోటారు నిక్షేపంగా ఉంది. డ్రమ్ము స్టీలుది, అదీ నిక్షేపంగా ఉంది. మెషీన్ గెంతకుండా లోపల బిగించిన కాంక్రీటు దిమ్మయితే మా అపార్ట్‌మెంటు కన్నా గట్టిగా ఉంది. తిరగమని చెప్పే అరచేయంత బోర్డు ఒక్కటే పోయింది.

ఎక్స్‌టెండెడ్ వారంటీ కొన్నాం కదా అని గుర్తొచ్చింది. అయితే ఒరిజినల్ బిల్లు అప్‌లోడ్ చేయమన్నారు. బీరువాలో పట్టుచీర మడతల్లో భద్రంగా దాచిన బిల్లు తీస్తే మల్లెపువ్వులా తెల్లగా ఉంది. ఒక్క అక్షరం లేదు. ఈ బిల్లుల మీద సిరా ఉండదు. వేడి తగిలితే నల్లబడే రసాయనం పూత ఉంటుంది, కొన్నాళ్లకు అక్షరాలు వాటంతట అవే వెళ్లిపోతాయి. ఆ పూత వల్ల దీన్ని మామూలు చిత్తుకాగితాలతో కలిపి రీసైక్లింగ్‌కు వేయకూడదట కూడా. మిగలాల్సినది చెరిగిపోతుంది, కరగాల్సినది మిగిలిపోతుంది. వారంటీ కన్నా ముందే సాక్ష్యం ఆవిరయ్యే ఏర్పాటు ఎంత దూరదృష్టో చూడండి.

సరే, ఫోన్ చేశాను. తెలుగు కోసం మూడు నొక్కాను. "మీ కాల్ మాకు ఎంతో విలువైనది" అంటూ వేణుగానం మొదలైంది. నలభై ఒక్క నిమిషాలు. ఇందులోనూ పర్యావరణ కోణం ఉందని తర్వాత అర్థమైంది. ఫోన్ చెవిన పెట్టుకున్న మనిషి బండి తీయడు, బజారుకెళ్లి ఇంకో వస్తువు కొనడు, కనీసం స్నానం కూడా చేయడు. రోజుకు కొన్ని లక్షల మందిని ఇలా కుర్చీల్లో కూర్చోబెడితే ఎంత పెట్రోలు, ఎన్ని బకెట్ల నీళ్లు మిగులుతాయో ఎవరైనా లెక్క కట్టాలి.

చివరికి ఒక అమ్మాయి పలికింది. గొంతు వణుకుతోంది. నా మీద భయమేమో అనుకున్నాను. "లేదు సార్, ఇక్కడ బాగా చలి. స్వెటర్ వేసుకున్నా ఆగట్లేదు" అంది. మాదాపూర్‌లోనే ఎక్కడో కూర్చుంది. బయట మే నెల, 42 డిగ్రీలు. పడమటి ఎండకు ఎదురుగా అద్దాల మేడ కట్టడం, లోపలికొచ్చిన వేడిని కరెంటు పోసి బయటికి తోయడం, తోయగా మిగిలిన చలికి స్వెటర్లు తొడగడం. మన ఇళ్లల్లో వాడే ఏసీలు ఆన్ చేయగానే 24 డిగ్రీల దగ్గర మొదలవ్వాలని 2020 జనవరి 1 నుంచి నియమం ఉంది. సామాన్యుడు 22కి దించితే కరెంటు బిల్లు గుర్తొచ్చి చెయ్యి వణుకుతుంది. అక్కడ మనిషే వణుకుతోంది.

ఆ అమ్మాయికి పని తగ్గించాలని నన్ను చాట్‌బాట్‌కు అప్పగించారు. "బల్లి పడింది" అని టైపు చేశాను. "మీరు 'బిల్లు' గురించి అడుగుతున్నారా?" అంది. కాదు, బల్లి అన్నాను. క్షమించమంది. ఆ సాయంత్రం పదకొండుసార్లు క్షమాపణ చెప్పింది. ఈ బాట్‌లు నడిచే డేటా సెంటర్లకు కరెంటు కావాలి, చాలాచోట్ల వాటిని చల్లబరచడానికి నీళ్లూ కావాలి. విశాఖలో గూగుల్ గిగావాట్ స్థాయి డేటా సెంటర్ కడతానని 2025 అక్టోబరులో ప్రకటించింది. అది వచ్చేస్తే క్షమాపణలు మన సముద్రం ఒడ్డునే తయారవుతాయి. స్థానిక ఉత్పత్తి అంటే అంతేగా.

ఇక విజిట్ల సంగతి. మేం ఉండేది మల్కాజిగిరి, కుర్రాడు వచ్చేది మియాపూర్ నుంచి. రానూ పోనూ యాభై కిలోమీటర్లు. మొదటిసారి బల్లిని చూడటానికి వచ్చాడు. రెండోసారి బల్లి ఉన్న చోటును ఫోటో తీయడానికి, మొదటి ఫోటో సిస్టం ఎక్కించుకోలేదట. మూడోసారి సీనియర్‌ను వెంటబెట్టుకొచ్చాడు, ఆయన చూసి "అవును, బల్లే" అన్నాడు. నాలుగోసారి బోర్డు వచ్చింది. అరచేయంత బోర్డు బుడగల ప్లాస్టిక్‌లో, అది థర్మోకోల్‌లో, అది అట్టపెట్టెలో, ఆ పెట్టె ఇంకో పెట్టెలో. పైన భూగోళాన్ని రెండు చేతులు పట్టుకున్న బొమ్మ. అన్నీ విప్పాక తేలిందేమిటంటే, అది టాప్ లోడ్ బోర్డు, మాది ఫ్రంట్ లోడ్. అయిదోసారి దాన్ని వెనక్కి తీసుకెళ్లడానికి వచ్చాడు. ఆరోసారి ఎందుకొచ్చాడో తనకూ తెలియదు, యాప్‌లో పడింది కాబట్టి వచ్చాడు. మజ్జిగ తాగి వెళ్లాడు.

విజిట్‌కింత అని ఇస్తారట, పెట్రోలు మాత్రం తనదేనట. లీటరుకు యాభై ఇచ్చే బండి. లీటరు పెట్రోలు కాలితే సుమారు 2.3 కిలోల కార్బన్ డయాక్సైడ్. ఆరుసార్లకు 14 కిలోలకు కాస్త తక్కువ. ఇందులో కంపెనీ ఖాతాలో పడేది ఎంతో నాకు తెలియదు గానీ, బండీ పెట్రోలూ రెండూ కుర్రాడివే కాబట్టి పొగ కూడా ఆ కుర్రాడిదే అయ్యుండాలి.

ఆరో విజిట్ మర్నాడే ఆ ఆకు బొమ్మ మెయిల్ వచ్చింది. మోడల్ ఆగిపోయింది, విడిభాగాలు లేవు. అయితే పాత మెషీన్ ఇచ్చేసి కొత్తది కొంటే రెండువేలు తగ్గింపు, పైగా నా పేరున ఒక మొక్క నాటుతారు! నాలుగేళ్ల మెషీన్ మీద పెట్టుకున్న మమకారం వల్ల ఒక వేపచెట్టు పుట్టుకనే అడ్డుకుంటున్నానన్నమాట.

యూరప్‌లో ఇంత మొక్కల ప్రేమ ఉన్నట్టు లేదు. అక్కడ 2021 మార్చి నుంచి ఒక నియమం తెచ్చారు: వాషింగ్ మెషీన్ మోడల్‌ను ఆపేశాక కూడా కనీసం 10 ఏళ్లు ముఖ్యమైన విడిభాగాలు అందుబాటులో ఉంచాలి. ఫ్రాన్స్ అదే ఏడాది జనవరి నుంచి ఫ్రంట్ లోడ్ మెషీన్‌తో సహా కొన్ని వస్తువుల మీద, ఇది రిపేరుకు ఎంత లొంగుతుందో పదికి మార్కులేసి అంటించమంది. కొనేముందే ప్రోగ్రెస్ కార్డు చూపించాలట, ఎంత అవమానం! మన దగ్గరా 2022 డిసెంబరు 24న, జాతీయ వినియోగదారుల దినోత్సవం నాడు, రైట్ టు రిపేర్, అంటే కొన్న వస్తువును బాగుచేయించుకునే హక్కు, పోర్టల్ మొదలైంది. ఈ-వ్యర్థాల కొత్త నియమాలు 2023 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చాయి. పోర్టల్ ఉంది, నియమాలున్నాయి. బోర్డే లేదు. 2022లో ప్రపంచం మొత్తం మీద 6.2 కోట్ల టన్నుల ఎలక్ట్రానిక్ చెత్త పోగైతే, సక్రమంగా సేకరించి రీసైకిల్ చేసినట్టు లెక్కకొచ్చింది 22.3 శాతమేనని ఐక్యరాజ్యసమితి నివేదిక చెబుతోంది. అందులో ఎన్ని మెషీన్లు బల్లి వల్ల పోయాయో నివేదికలో ఉండదు.

మా బావమరిది మాట మీద, కంపెనీకి చెప్పకుండా, బోర్డును పాత టవల్‌లో చుట్టి కోఠి గుజరాతీ గల్లీకి పట్టుకెళ్లాను. దొంగసొత్తు అమ్మడానికి వెళ్తున్నట్టు గుండె దడ. మెట్ల కింద నాలుగడుగుల జాగా, ఒక బల్ల, బల్ల నిండా బోర్డుల శవాలు. ముసలాయన భూతద్దం కంటికి తగిలించుకుని ఒక నల్ల డబ్బీని గోటితో తట్టాడు. "రిలే గయా సాబ్. బోర్డు మంచిగనే ఉంది. చాయ్ తాగి రండి." రిలే అంటే కరెంటును కలిపే, తెంపే చిన్న స్విచ్చట. పక్కనున్న పాత బోర్డు మీంచి అలాంటి డబ్బీనే ఊడదీశాడు, టంకం పొగ లేచింది, అయిపోయింది. నాలుగువందల యాభై. ఆయన గోడ మీద ఆకు బొమ్మ లేదు, భూగోళం లేదు, మక్కా ఫోటో ఒకటుంది. బిల్లు కూడా ఇవ్వలేదు. ఈ మొత్తం వ్యవహారంలో కాగితం ఆదా చేసింది ఆయనొక్కడే.

మెషీన్ తిరిగింది. బకెట్లలో నానుతున్న దుప్పట్లు ఇరవై మూడో రోజున పొడి మొహం చూశాయి.

ఆ సాయంత్రమే మియాపూర్ కుర్రాడు ఫోన్ చేశాడు. "సార్, హ్యాపీ కోడ్ చెప్పండి సార్. మీది ఇంకా ఓపెన్ ఉంది." హ్యాపీ కోడ్ అంటే తెలియనివాళ్లకు చెబుతున్నాను: పని పూర్తయి మనం ఆనందంగా ఉన్నామనడానికి రుజువుగా మన ఫోన్‌కు వచ్చే అంకెలు. అవి చెబితేనే ఫిర్యాదు మూసుకుంటుంది. 2022-23 నుంచి స్టాక్ మార్కెట్లో లిస్టయిన మొదటి 1000 పెద్ద కంపెనీలు, ఆ మార్కెట్‌ను అదుపుచేసే సెబీకి సుస్థిరత నివేదిక ఇవ్వాలి. అందులో కరెంటు, నీళ్లు, చెత్తతో పాటు, ఏడాది చివరికి వినియోగదారుల ఫిర్యాదులు ఎన్ని పెండింగు ఉన్నాయనే గడి కూడా ఉంటుంది. ఆ గడి పచ్చగా ఉండాలంటే నేను ఆనందించి తీరాలి.

"బోర్డు మీరు వేయలేదు కదయ్యా?"

"తెలుసు సార్. మీరు చెప్పకపోతే రేపు మళ్లా నేనే రావాలె."

యాభై కిలోమీటర్లు, లీటరు పెట్రోలు, 2.3 కిలోలు. కోడ్ చెప్పేశాను. నిమిషంలో మెసేజ్ వచ్చింది: మీ సమస్యను పరిష్కరించినందుకు గర్విస్తున్నాం, మా సేవకు రేటింగ్ ఇవ్వండి. కింద ఆకు.

మెషీన్ వెనక కన్నాలకు మా ఆవిడ దోమతెర ముక్క కట్టింది. ట్యూబ్‌లైటు పట్టీ వెనక నుంచి కొత్త బల్లి ఒకటి తల బయటికి పెట్టి దాన్నే చూస్తోంది.