ఫిబ్రవరి లెక్కలో పడమటి ప్రకాశానికి దక్కేదెంత?

ప్రకాశం పడమటి భాగంతో మార్కాపురం జిల్లా ఏర్పడింది. గిద్దలూరు, యర్రగొండపాలెం, కనిగిరి వాసులకు కలెక్టరాఫీసు దగ్గరైంది. చిన్న అర్జీకి కూడా వంద కిలోమీటర్లు దాటి ఒంగోలు పోవాల్సిన బాధ గిద్దలూరు వాళ్లకు తప్పింది. ఇది మంచి నిర్ణయమే. అయితే ఈ ప్రాంతానికి ఎన్ని అంగన్‌వాడీలు, ఎన్ని ఆసుపత్రులు, ఎంత తాగునీరు అన్నది 2027 జనగణనలో ఎంతమంది లెక్కకొస్తారన్న దాని మీద ఆధారపడి ఉంది. అసలు లెక్కింపు ఫిబ్రవరిలో. పడమటి మండలాల్లో ఊళ్లు బాగా పలచబడే కాలం అదే.

బేల్దారి (ఇళ్లు, భవనాలు కట్టే) పనులకు కనిగిరి, పామూరు, సీఎస్ పురం వైపు నుంచి కుటుంబాలు హైదరాబాద్, బెంగళూరు, చెన్నైలకు పోతాయి. మిరప కోతలకు గుంటూరు, పల్నాడు పొలాలకు ముఠాలుగా వెళ్లేవాళ్లు వేరు. కోతలు జనవరిలో మొదలై ఏప్రిల్ దాకా సాగుతాయి. ఇంట్లో ముసలివాళ్లు, బడికెళ్లే పిల్లలు మిగులుతారు. కొన్ని ఇళ్లకు తాళమే.

2011లో లెక్కింపు ఫిబ్రవరి 9 నుంచి 28 దాకా జరిగింది. ఆ రోజుల్లో ఒక్క పూటైనా ఊళ్లో ఉన్నవాళ్లను, 28లోగా తిరిగొస్తారని ఇంట్లోవాళ్లు చెప్పినవాళ్లను సొంతింట్లోనే రాసుకున్నారు. గడువంతా బయటే ఉన్నవాళ్లను మాత్రం ఎక్కడుంటే అక్కడే రాయాలి. నిబంధనలో తప్పేమీ లేదు, ఒక మనిషి రెండుచోట్ల లెక్కకు రాకూడదు కదా. చిక్కల్లా రెండోచోట కూడా రాయకపోతేనే. పొలం గట్టున గుడారంలో ఉన్న ముఠాను, కడుతున్న భవనం కింద రేకుల షెడ్డులో ఉన్న కుటుంబాన్ని లెక్క రాసే ఎన్యూమరేటరు చూడకపోతే వాళ్లు ఎక్కడా లేనట్టే. ఉమ్మడి ప్రకాశం జనాభా 33,97,448, చదరపు కిలోమీటరుకు 193 మంది అని మనం చెప్పుకునేది ఆ ఫిబ్రవరి లెక్కనే.

తల తగ్గితే పోయేదేమిటి? అంగన్‌వాడీ కేంద్రానికి 400 నుంచి 800 జనాభా, ఆశా కార్యకర్తకు వెయ్యి, ఆరోగ్య ఉపకేంద్రానికి 5 వేలు, ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి 30 వేలు ప్రమాణం. ఇళ్లు దూరదూరంగా ఉండే చోట ఈ అంకెలు అందుకోవడమే కష్టం. పదిహేనో ఆర్థిక సంఘం స్థానిక సంస్థల నిధుల్లో రాష్ట్రాల వాటా తేల్చడానికి జనాభాకు 90 శాతం ప్రాధాన్యం ఇచ్చింది, విస్తీర్ణానికి 10 శాతమే.

అన్నిటికన్నా గట్టిగా తగిలేది నీళ్ల దగ్గర. ఇంటింటికీ కుళాయి నీళ్లిచ్చే జల్ జీవన్ మిషన్‌లో మనిషికి రోజుకు 55 లీటర్లు. వలసపోయినవాళ్లు తిరిగొచ్చేది ఎండలు ముదిరాక, సరిగ్గా బోర్లు ఎండిపోయే రోజుల్లో. అంటే జనం తక్కువున్న నెల లెక్కతో ట్యాంకు కట్టి, జనం నిండుగా ఉన్న నెలలో దాన్ని వాడుకోమంటున్నాం. తక్కువ పడిన నీళ్లకు ఫ్లోరైడు ఉన్న బోరు దగ్గరికే పోతారు. కనిగిరి ప్రాంతంలో ఫ్లోరైడుతో ఎముకలు వంగిన మనుషులను చూసినవాళ్లెవరూ దీన్ని చిన్న విషయం అనరు.

దీన్ని సరిచేయడానికి కొత్త చట్టం అక్కర్లేదు. మండలంలో జనగణన బాధ్యత తహసీల్దారుదే. సచివాలయాల వారీగా ఎవరు ఏ ఊరికి, ఏ మేస్త్రీతో పోయారో జనవరిలోనే రాయించి, ఆ జాబితాను పల్నాడు, గుంటూరు కలెక్టర్లకు పంపాలి. అక్కడి ఎన్యూమరేటర్లకు మిరప చేలు, గుడారాలు కూడా తాము లెక్క రాయాల్సిన బ్లాకులో భాగమేనని శిక్షణలోనే చెప్పాలి. ముఠా పొద్దున్నే చేలోకి దిగుతుంది కాబట్టి పోవాల్సింది సాయంత్రం. తాళం ఉన్న ఇంటికి మళ్లీ వెళ్లి, పక్కింటివాళ్లను అడిగి, 28లోగా వచ్చేదీ లేనిదీ తేల్చుకోవాలి.

పరీక్షించుకునే దారీ ఉంది. ముందు విడతలో ఇళ్ల జాబితా రాసేటప్పుడే ఒక్కో కుటుంబంలో మామూలుగా ఎంతమంది ఉంటారో నమోదవుతుంది. ఫిబ్రవరి అంకెను బ్లాకు వారీగా దాని పక్కన పెట్టి చూస్తే తేడా ఎక్కడ పెద్దదో బయటపడుతుంది. అలాంటి బ్లాకుల వలస జాబితాను పల్నాడులో రాసిన పేర్లతో పోల్చి, ఎక్కడా లేనివాళ్లను లెక్కింపు ముగియకముందే రాయించాలి. నీటి పథకాలకైతే ఆ రెండు అంకెల్లో పెద్దదాన్నే తీసుకోవాలి.