బెజవాడ 1921కి అద్దె బట్టలు సరిపోవు

1921 మార్చి 31, ఏప్రిల్ 1న బెజవాడలో జరిగిన ఏఐసీసీ (అఖిల భారత కాంగ్రెస్ కమిటీ) సమావేశాలపై డాక్యుమెంటరీకి తెల్ల పంచెలు, టోపీలు అద్దెకు తెస్తే చాలని ఒక వ్యాసంలో రాశారు. చాలదండీ. అన్నిటికంటే ముందు గాంధీగారిని కొల్లాయితో చూపించకండి. ఆయన కొల్లాయి కట్టింది అదే ఏడు సెప్టెంబరు 22న, మధురైలో. బెజవాడ వచ్చినప్పుడు ఒంటిమీద చొక్కా, తలమీద టోపీ ఉన్నాయి. ఈ ఒక్క తప్పుతో సినిమా మొత్తం మీద నమ్మకం పోతుంది.

ఇక గుడ్డ. మంగళగిరిలో కొంటే జరీ అంచు లేనివి అడగండి. ఒక పోగు లాగి కాల్చి చూడండి: కాగితం కాలిన వాసన, మెత్తటి బూడిద అయితే నూలు, గట్టి పూస కడితే పాలిస్టర్.

మరీ తెలుపు కెమెరాలో వెలిగిపోతుంది, మడతలు కనిపించవు. రాత్రంతా నానబెట్టి, ఉతికి గంజి వదిలించండి. 10 లీటర్ల నీళ్లలో 100 గ్రాముల టీ పొడి మరిగించి వడకట్టి, తడి గుడ్డనే ముంచి, అరగంట కలుపుతూ ఉండండి. పొడి గుడ్డ వేస్తే మచ్చలు పడతాయి. ఆరాక రంగు తగ్గుతుంది, కాబట్టి ముందు చిన్న ముక్క ముంచి చూడండి. చొక్కాలు నూలు దారంతోనే కుట్టించాలి, పాలిస్టర్ దారానికి టీ రంగు పట్టదు, కుట్లు తెల్లగా బయటపడతాయి. దర్జీకి ఇది ముందే చెప్పాలి, తర్వాత సరిదిద్దలేం.