తుపాకీ ముందు, గురి తర్వాతా?

మన ప్రత్యేక దళాల చేతికి టావోర్‌ రైఫిల్‌ వచ్చి ఇరవై ఏళ్లు దాటింది. 3,070 టీఏఆర్‌-21 రకం టావోర్‌ రైఫిళ్ల కోసం 2002 చివర్లో ఇజ్రాయెల్‌తో సుమారు 88 కోట్ల రూపాయల ఒప్పందం కుదిరింది. 2005 నాటికి అందిన కొన్ని వందల తుపాకులు తమ పనికి సరిపోవని దళాలు తేల్చేశాయి. మార్పులు చేసి, 2006లో ఇజ్రాయెల్‌లో మళ్లీ పరీక్షించాకే మిగతా సరఫరాకు దారి దొరికింది. 2010 డిసెంబరులో నౌకాదళ కమాండోలు మార్కోస్‌కు అందిన అయిదు వందల పైచిలుకు రైఫిళ్లకు భుజానికి ఆనించే బట్‌ మారింది, గురి చూసే సైటూ మారింది. ఒప్పందం రోజు అనుకున్న గురి సాధనం ఒకటి, ఎనిమిదేళ్ల తర్వాత తుపాకీ మీద కూర్చున్నది మరొకటి. సైటును రైఫిల్‌తోపాటే తేల్చుకోకపోతే ఏమవుతుందో ఈ ఒక్క కొనుగోలు చూస్తే చాలు.

టావోర్‌ బుల్‌పప్‌ తరహా తుపాకీ. అంటే మ్యాగజైన్‌, తూటా పేలే గది ట్రిగ్గర్‌కు వెనక, దాదాపు జవాను చెంప కింద ఉంటాయి. దానివల్ల తుపాకీ పొట్టిదవుతుంది, బ్యారెల్‌ మాత్రం పొట్టిది కాదు. మన ఇన్సాస్‌ రైఫిల్‌ పొడవు 96 సెంటీమీటర్లయితే టీఏఆర్‌-21 పొడవు 72 సెంటీమీటర్లే. బ్యారెల్‌ మాత్రం రెండింటిదీ ఇంచుమించు 46 సెంటీమీటర్లే. హెలికాప్టర్‌ నుంచి తాడు పట్టుకుని దిగేవాడికి, ఓడలోని ఇరుకు మెట్ల మీద తిరిగేవాడికి, కారులోంచి కాల్చాల్సినవాడికి ఆ పావు మీటరు తేడా ప్రాణంతో సమానం.

ఆ సౌకర్యానికి మూల్యం గురి దగ్గర చెల్లించాలి. పాతకాలపు ఇనుప సైట్లలో వెనక చీలికకూ, ముందు మొనకూ మధ్య దూరం ఎంత ఎక్కువుంటే గురి అంత నిక్కచ్చిగా కుదురుతుంది. బుల్‌పప్‌లో బ్యారెల్‌ చాలావరకు చెంప పక్కకే జరిగిపోవడంతో పైన ఆ దూరానికి చోటుండదు. దూరం తగ్గితే కంటి పొరపాటు లక్ష్యం దగ్గర పెద్దదవుతుంది. అందుకే ఆస్ట్రియా 1977లో స్టెయర్‌ ఆగ్‌ బుల్‌పప్‌ను సైన్యానికి ఇచ్చినప్పుడే ఒకటిన్నర రెట్లు పెంచి చూపే అద్దాల సైటును తుపాకీని మోసే పిడిలోనే బిగించింది. బ్రిటన్‌ 1985లో ఎస్‌ఏ80 బుల్‌పప్‌ను తెచ్చినప్పుడు పదాతి దళానికి నాలుగు రెట్లు పెంచి చూపే సుసాట్‌ సైటును జత చేసింది. ఆ రెండు దేశాలూ సైటును రైఫిల్‌లో భాగంగానే చూశాయి. ఆ తర్వాత అవసరాలు మారాయి. ఆగ్‌కు వేరే సైట్లు బిగించే పట్టీ (రైల్‌) అమర్చాల్సి వచ్చింది. బ్రిటిష్‌ రైఫిల్‌ మీదకు సుసాట్‌ బదులు ఎల్కాన్‌ సైటు వచ్చింది, దగ్గరి పోరు కోసం దాని నెత్తిన ఎర్ర చుక్కతో గురి చూపే చిన్న రెడ్‌డాట్‌ సైటు కూడా చేరింది. మొదటి ఎంపికే ఎల్లకాలం సరిపోతుందని మేమూ అనడం లేదు. మొదటి రోజే ఎంపిక జరగాలన్నదే మా వాదన.

రెడ్‌డాట్‌ బుల్‌పప్‌కు బాగా కుదురుతుంది. పెంచి చూపే స్కోప్‌ అయితే కన్ను అద్దం నుంచి ఇంత దూరంలోనే ఉండాలన్న నియమం ఉంటుంది. రెడ్‌డాట్‌కు ఆ బాధ లేదు. తల కాస్త అటూఇటూ అయినా ఎర్ర చుక్క కనబడితే చాలు, రెండు కళ్లూ తెరిచి కాల్చవచ్చు. అలాగని ఏ రెడ్‌డాటైనా ఒకటేనా? కాదు. చుక్క సైజు సంగతే చూడండి. చుక్కను ఎంఓఏ అనే కోణపు కొలతలో చెబుతారు. ఒక ఎంఓఏ అంటే 100 మీటర్ల దూరంలో దాదాపు 2.9 సెంటీమీటర్లు. నాలుగు ఎంఓఏల చుక్క 300 మీటర్ల దగ్గర 35 సెంటీమీటర్ల మేర కప్పేస్తుంది, అంటే మనిషి తల దాని వెనక పూర్తిగా దాక్కుంటుంది. గదిలో పోరాటానికి అదే చుక్క ఎంతో మేలు, ఇట్టే కంటికి దొరుకుతుంది. అడవిలో కూంబింగ్‌కు వెళ్లే దళానికీ, విమానంలో బందీలను విడిపించే దళానికీ ఒకే చుక్క పనికొస్తుందని ఏసీ గదిలో కూర్చున్న అధికారి తేల్చకూడదు.

సైటు ఎత్తు ఇంకో సమస్య. బుల్‌పప్‌లో బ్యారెల్‌ భుజానికి సూటిగా ఉంటుంది కాబట్టి కన్ను దానికి చాలా పైన ఉండాలి. సైటుకూ బ్యారెల్‌కూ మధ్య అయిదారు సెంటీమీటర్ల ఎడం ఉంటే, అయిదు మీటర్ల దూరంలో తూటా చుక్కకు దాదాపు అంత కింద తగులుతుంది. బందీ భుజం మీదుగా తల బయటపెట్టినవాడిని కాల్చాల్సి వస్తే ఆ కొలతే బందీ ప్రాణం నిలుపుతుంది లేదా తీస్తుంది. పిట్టగోడ చాటు నుంచి కాల్చే జవానుకు సైటులో శత్రువు స్పష్టంగా కనిపిస్తాడు, గోడ అంచు కింద ఉన్న బ్యారెల్‌ మాత్రం ఇటుకల వైపు చూస్తుంటుంది. శిక్షణలో వందలసార్లు చేస్తే తప్ప ఒంటికి పట్టని విషయమిది. సైటు ఎత్తు మారిన ప్రతిసారీ ఆ అలవాటును మళ్లీ మొదటి నుంచి నేర్వాలి.

వెలుగు సంగతి మరింత జాగ్రత్తగా చూడాలి. టావోర్‌తో పేరుపడిన మెప్రో 21 సైటుకు బ్యాటరీ అక్కర్లేదు. పగలు ఫైబర్‌ తీగ బయటి వెలుతురును పట్టుకుంటుంది, రాత్రి చిన్న గొట్టంలో నింపిన ట్రిటియం అనే రేడియోధార్మిక వాయువు వెలుగునిస్తుంది. బ్యాటరీ అయిపోతుందన్న టెన్షన్‌ ఉండదు కనుక దీన్ని మెచ్చుకున్నవాళ్లు ఎందరో. కానీ చీకటి గదిలో నిలబడి కిటికీలోంచి ఎండలో ఉన్న వీధి వైపు గురిపెడితే ఆ ఫైబర్‌కు దొరికేది గదిలోని కాస్త వెలుతురే. ఎదురుగా కళ్లు మిరుమిట్లు గొలిపే ఎండ. చుక్క పాలిపోతుంది, ఒక్కోసారి కనబడదు. నగరంలో ఉగ్రవాదులతో తలపడే దళానికి సరిగ్గా ఇదే ఎదురవుతుంది. ట్రిటియం విషయం ఇంకొకటి. దాని అర్ధాయువు 12.3 ఏళ్లు. 2010లో తయారైన ట్రిటియం సైటు ఏదైనా 2023 నాటికే సగం వెలుగు పోగొట్టుకుని ఉంటుంది. ఆ గొట్టాలు మార్చే ఖర్చు, ఏర్పాటు మొదటి ఒప్పందంలోనే ఉండాలి. బ్యాటరీతో నడిచే మంచి సైట్లు నేడు ఆపకుండా 50,000 గంటలు, అంటే అయిదేళ్లకు పైగా వెలుగుతున్నాయి. ఆ లెక్కన బ్యాటరీ భయం చాలావరకు పాతబడింది.

సైటు ఏ వాతావరణాన్నైనా తట్టుకుంటుందన్న మాటను కంపెనీ కరపత్రం చూసి నమ్మలేం. హోలోగ్రాఫిక్‌ సైట్లు చలిలోనూ, ఉక్కలోనూ సరిగా పనిచేయడం లేదని తెలిసీ దాచిపెట్టిందన్న ఆరోపణపై వాటి తయారీదారు ఈవోటెక్‌ మాతృసంస్థ ఎల్‌-3 కమ్యూనికేషన్స్‌ 2015లో అమెరికా ప్రభుత్వానికి 2.56 కోట్ల డాలర్లు చెల్లించి రాజీపడింది. అక్కడి ప్రత్యేక దళాలు వాడిన సైట్లే అవి. సియాచిన్‌ మంచు, రాజస్థాన్‌ ఇసుక, విశాఖ ఉప్పుగాలి, దండకారణ్యం వానలు అన్నీ ఉన్న దేశానికి ఈ ఉదాహరణ చాలదా?

మన దగ్గర తుపాకీకి ఒక ఫైలు, సైటుకు మరో ఫైలు. అమెరికా నుంచి 72,400 సిగ్‌ 716 రైఫిళ్ల కోసం 2019 ఫిబ్రవరిలో ఒప్పందం చేసుకున్నాం. అవి బుల్‌పప్‌లు కావు, అయినా కథ అదే. వాటికి రాత్రిపూట చూసే సైట్ల కోసం 659.47 కోట్ల రూపాయల ఒప్పందంపై సంతకాలు పడింది 2025 అక్టోబరులో. ఆరేళ్లకు పైగా ఆలస్యం. ఏనుగును కొని అంకుశం దగ్గర పేచీ పడ్డట్టుంది ఈ వ్యవహారం. పైగా తక్కువ ధర చెప్పినవాడికే టెండరు దక్కే ఎల్‌1 పద్ధతిలో, కాగితం మీది కనీస ప్రమాణాలను దాటిన సైట్లన్నీ ఒకే గాటన పడతాయి. చీకటి గదిలో చుక్క నిలుస్తుందా, బురదనీళ్లలో ముంచి తీస్తే కనబడుతుందా అన్నవి ఆ ప్రమాణాల్లో లేకపోతే వాటికి మార్కులుండవు.

ఇందులో తెలుగు నేలకూ ప్రమేయం ఉంది. మచిలీపట్నంలోని ఆంధ్ర సైంటిఫిక్‌ కంపెనీని 1983లో భారత్‌ ఎలక్ట్రానిక్స్‌ తన చేతుల్లోకి తీసుకున్నప్పటి నుంచి సైన్యానికి కావలసిన అద్దాల పరికరాలు అక్కడ తయారవుతున్నాయి. సుమారు 360 కోట్లతో కృష్ణా జిల్లా నిమ్మలూరులో కట్టిన కొత్త కర్మాగారం 2025 అక్టోబరులో ప్రారంభమైంది. గ్వాలియర్‌ సమీపంలోని మాలన్‌పూర్‌లో టావోర్‌ కుటుంబపు ఎక్స్‌95 తయారీకి ప్రైవేటు ప్లాంటు 2017 నుంచే ఉంది. తుపాకీ చేసేవాళ్లూ, అద్దాలు చేసేవాళ్లూ ఈ దేశంలోనే ఉన్నారు.

రక్షణ శాఖను, హోం శాఖను మేం కోరేది ఇది. ఇకపై బుల్‌పప్‌ ఏదైనా కొనేటప్పుడు రైఫిల్‌, సైటు, దాన్ని బిగించే మౌంటు, విడిభాగాలు ఒకే అవసర పత్రంలో ఉండాలి. మార్కోస్‌, పారా కమాండోలు, సీఆర్పీఎఫ్‌ కోబ్రా దళాల జవాన్లే ఆ జతను తమ తమ చోట్ల కాల్చి చూసి మార్కులు వేయాలి, ఆ మార్కులకు ధరతో సమానంగా విలువ ఉండాలి. ఆ పరీక్షలకు నిమ్మలూరు ఇంజినీర్లను మొదటి రోజు నుంచే పిలవాలి. ఇప్పటికే వాడుకలో ఉన్న ట్రిటియం సైట్లన్నిటినీ తయారైన ఏడాది వారీగా లెక్కతీసి, పన్నెండేళ్లు దాటినవాటిని ఈ బడ్జెట్‌లోనే మార్చాలి.