మ.రా.రా.శ్రీ హెచ్ గారికి

ఉభయకుశలోపరి. ఇంగ్లీషు అక్షరమాలలో ఎనిమిదో కుర్చీలో తమరు క్షేమంగా ఉన్నారని తలుస్తాను. ఇక్కడ మేమూ బాగానే ఉన్నాం, ఇంటర్వ్యూకి వెళ్లే పిల్లలకు తమరి వల్ల కలిగే టెన్షన్ తప్ప.

ముందు తమరి పేరు సంగతి. ఎఫ్ అంటే అందులో ఫ వినపడుతుంది, ఎమ్ అంటే మ వినపడుతుంది. తమరిని మాత్రం లండన్ పెద్దమనుషులు 'ఎయిచ్' అంటారు. అందులో హ ఎక్కడ? మేం జాలిపడి మొదట్లో ఒక హ తగిలించి 'హెచ్' చేసుకున్నాం. ఐర్లండ్‌లో చాలామంది 'హెయిచ్' అంటారు. అది వింటే ఆ పెద్దమనుషులు ముఖం చిట్లిస్తారు. తమరి పేరులో హ పలికితే మోటుతనం, 'హౌస్'లో పలకకపోతే అదీ మోటుతనం. ఇదెక్కడి న్యాయమండీ?

1854లో తమరే ఒక మొర పెట్టుకున్నారు. తమరిని వాడాల్సిన చోట వాడటం లేదని, అక్కర్లేని చోట దూరుస్తున్నారని అచ్చులు ఐదింటినీ ఉద్దేశించి ఒక చిన్న పుస్తకం వచ్చింది. రచయిత పేరు 'ఆనరబుల్ హెన్రీ హెచ్'. ఆ పేరు ఒకసారి చూసుకోండి. 'ఆనరబుల్'లో రాతలో ఉన్నారు, నోట్లో లేరు. 'హెన్రీ'లో రెండు చోట్లా ఉన్నారు. చివరి అక్షరం సాక్షాత్తూ తమరే, దాన్ని పలికితే మళ్లీ లేరు. మూడు మాటల పేరులోనే ఇన్ని వేషాలు వేసి, తప్పంతా లండన్ కూలివాడి నాలుక మీదకు నెట్టారు.

పాపం వాడేం చేశాడు? 'హౌస్'ని 'ఔస్' అన్నాడు. దొరల ముందు పరువు కాపాడుకోవాలని కంగారుపడి 'ఎగ్'ని 'హెగ్' అన్నాడు. రెండిటికీ నవ్వారు. మరి 'హవర్', 'హానెస్ట్' అన్నా నవ్వుతారు కదా. అక్కడ తమరిని మింగేయడమే సంస్కారం. ఫ్రెంచి దారిలో వచ్చిన మాటలు కాబట్టి అంతే అంటారు. సరే, 'హాస్పిటల్', 'హంబుల్' కూడా ఆ దారిన వచ్చినవే. ఒకప్పుడు వాటిలోనూ తమరు నోరు మెదిపేవారు కాదు. తర్వాతివాళ్లు స్పెల్లింగు చూసి పలకడం మొదలుపెట్టారు. 'హెర్బ్' కూడా అంతే. అమెరికావాళ్లు పాత పద్ధతిలో 'అర్బ్' అంటుంటే, నిన్నగాక మొన్న హ నేర్చుకున్న ఇంగ్లండు వాళ్లకు అది తప్పుగా వినిపిస్తుంది. పలికింది ఏమిటన్నది కాదు, పలికింది ఎవరన్నదే లెక్క.

ఈ జబ్బు ఇంగ్లండులో పుట్టిందీ కాదు. క్రీస్తుపూర్వం 1వ శతాబ్దంలోనే ఆరియస్ అనే ఒకాయన దొరికిన మాటకల్లా హ తగిలించేవాడని రోమన్ కవి కటుల్లస్ ఎగతాళి చేశాడు. ఆయన్ని సిరియా పంపాక అందరి చెవులూ కాస్త తెరిపిన పడ్డాయట. అంతలో కబురు వచ్చింది, అయోనియన్ సముద్రం 'హయోనియన్' అయిపోయిందని.

ఉత్తర ఐర్లండ్ దగ్గరికి వచ్చేసరికి నాకు వెటకారం రావడం లేదు. అక్కడ సాధారణంగా ప్రొటెస్టెంట్లు 'ఎయిచ్' అంటారు, కేథలిక్కులు 'హెయిచ్' అంటారు. 1960ల చివరి నుంచి 1998 దాకా ఈ రెండు వర్గాల మధ్య నడిచిన గొడవల రోజుల్లో, ఎదుటివాడు ఏ వర్గమో పట్టివ్వడానికి తమరు ఒక్కరు చాలు. అక్కడి మేజ్ జైలు బ్లాకులు కట్టింది తమరి ఆకారంలోనే. 1981లో అక్కడ నిరాహార దీక్ష చేసి పదిమంది ఖైదీలు చనిపోయారు. ఆ బ్లాకుల పేరు చెప్పడంలో కూడా రెండు పక్షాలే.

అమెరికాలో 1891లో తమరికి పైనుంచి ఆర్డరు వచ్చింది. ఊళ్ల పేర్లు చూసే ప్రభుత్వ బోర్డు, 'బర్గ్'తో ముగిసే పేర్ల చివర తమరిని కొట్టేయమంది. పిట్స్‌బర్గ్ వాళ్లు ఊరుకోలేదు, 1911లో తిరిగి పెట్టించుకున్నారు. ఉన్నప్పుడూ, తీసేసినప్పుడూ, మళ్లీ వచ్చాకా పలుకు ఒకటే. పనేమీ చేయకపోయినా శుభలేఖలో పేరు లేదని అలిగే పెదనాన్నకు మర్యాద చేసినట్టుంది. ఆ ఊరి వెంకటేశ్వరస్వామి గుడికి 1970ల నుంచి మావాళ్లు వెళ్తూనే ఉన్నారు, తమరున్నట్టు ఎవరి చెవికీ ఆనలేదు.

మావాళ్లంటే గుర్తొచ్చింది. 1952 నాటి అమెరికా వలస చట్టంలో ఒక ఉపభాగానికి తమరి అక్షరం పడింది. దాంతో హెచ్-1బీ వీసా అనే మాట మా పెళ్లిచూపుల దాకా వచ్చింది. భర్త వెంట హెచ్-4 మీద వెళ్లిన అమ్మాయి ఎంత చదివినా ఉద్యోగం చేయకూడదన్నారు. 2015లో వాళ్లలో కొందరికి మాత్రం అనుమతి ఇచ్చారు. కాగితం మీద ఉండి నోరు మెదపకుండా కూర్చోవడం ఎలా ఉంటుందో తమరికి నేను చెప్పాలా?

ఇక నా సొంత పని. తెలుగు పేర్లలో త రాయాలంటే మేం టీ పక్కన తమరిని కూర్చోబెడతాం. ఉత్తరాదివాళ్లు ఒట్టి టీ రాస్తారు, తమరు తోడుంటే థ అంటారు. మా అమ్మాయి సునీత టెన్త్ మార్కుల మెమోలో తమరితో ఉంది. ఆధార్‌లో తమరు లేకుండా ఉంది. ఒక ఆఫీసులో గుమస్తా రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, "వీళ్లిద్దరూ ఒకరే అని రుజువేంటండీ?" అన్నాడు. ఇద్దరూ ఒకరేనని నోటరీ దగ్గర అఫిడవిట్ చేయించాను. అది తీసుకెళ్తే, "ఈ సునీథ ఎవరు సార్?" అని వాళ్ల పై ఆఫీసరు అడిగాడు. ఆయనది ఉత్తరాది.

స్టాంపు పేపరు, నోటరీ ఫీజు, ఆటో ఛార్జీలు కలిపి బిల్లు దీనితో జతచేశాను. చెక్కు అమ్మాయి పేరు మీద పంపండి. రాసేటప్పుడు మాత్రం జాగ్రత్త, బ్యాంకు పాస్‌బుక్కులో తమరు పక్కన కాదు, టీకి ముందు ఉన్నారు.

ఇట్లు,
సునీత తండ్రి