రెండున్నర ఎకరాల అభయారణ్యం

చిత్తూరు దగ్గర మాకు రెండున్నర ఎకరాల తోతాపురి మామిడి తోపు ఉంది. మా నాన్న పెట్టిన చెట్లు, నలభై ఏళ్లయింది. ఇన్నాళ్లూ దాన్ని తోపనే అనుకున్నాను. అది అడవి అని ఈ మధ్యే తెలిసింది.

ఇది నా కల్పన కాదు. భారత అటవీ సర్వే సంస్థ లెక్కలో, హెక్టారుకు తగ్గకుండా ఉండి, పైనుంచి చూస్తే నూటికి పది పాళ్లకు మించి చెట్ల కప్పు కనబడే నేల ఏదైనా అటవీ విస్తీర్ణమే. ఎవరి సొంతమని అడగరు. మామిడా, కొబ్బరా, మద్దిచెట్టా అని కూడా అడగరు. అడవి అంటే నిఘంటువులో ఉన్న అర్థమే తీసుకోమని 1996లో సుప్రీంకోర్టు చెప్పింది. రికార్డుల్లో అడవిగా ఉందో లేదో చూసుకోమని 2023లో పార్లమెంటు చట్టం సవరించింది. ఉపగ్రహం మాత్రం ఇవేవీ చూడదు, పచ్చగా ఉంటే చాలు దానికి.

హెక్టారంటే 2.47 ఎకరాలు. మా పాసుపుస్తకంలో 2.50. మూడు సెంట్ల మిగులుతో పాసయ్యాం! చుట్టూ ఉన్న తోపులన్నీ ఎప్పుడో కొట్టేసి ప్లాట్లు వేశారు గనక మాది ఏకాకి అడవి. దేశంలో అడవులూ చెట్లూ కలిపి 25.17 శాతం ఉన్నాయని 2023 నివేదికలో చదివినప్పుడు కాస్త గర్వంగానే అనిపించింది. అందులో మా వాటా ఉంది. లెక్క దగ్గరికొస్తే శేషాచలంలో ఒక హెక్టారు ఎంతో, మాదీ అంతే. వాళ్లకు చిరుతలున్నాయి, మాకు మామిడి పూతను పీల్చే తేనెమంచు పురుగు ఉంది.

అడవికి ఆసామినయ్యాక ఆదాయం సంగతి చూసుకోవాలి కదా. తోపుగా ఉన్నప్పటి ఆదాయం చూశాం. 2025 సీజన్‌లో కిలోకు ఫ్యాక్టరీలు 8, ప్రభుత్వం 4, మొత్తం 12 రూపాయలు అన్నారు. పల్ప్ ఫ్యాక్టరీ గేటు ముందు ట్రాక్టర్‌లో కాయలు మాగాయి, పక్కనే మేమూ మాగాం.

అడవులకు ధర అంతకంటే మేలుగా ఉంటుందని ఆశపడ్డాను. అదే ఏడాది నవంబరులో బ్రెజిల్‌లోని బెలేంలో వాతావరణ సదస్సు పెట్టి, ఉష్ణమండల అడవులను కొట్టకుండా ఉంచే దేశాలకు డబ్బిచ్చే నిధి ఒకటి మొదలుపెట్టారు. 12,500 కోట్ల డాలర్లు కూడగట్టాలని లక్ష్యం. ఆ సొమ్మును మార్కెట్లో తిప్పుతారు, పెట్టుబడి పెట్టినవాళ్ల వడ్డీ ముందు ఇచ్చేస్తారు, మిగిలింది అడవికి. హెక్టారుకు ఏడాదికి 4 డాలర్లు. మన డబ్బుల్లో మూడు వందల యాభై అటూ ఇటూ.

తిరుపతి వాళ్లకు ఈ అంకె విడమరిచి చెప్పక్కర్లేదు. మూడు వందల రూపాయల దర్శనం టికెట్ ఒకటి, పైన యాభై రూపాయల లడ్డూ ఒకటి. అమెజాన్‌లో ఒక హెక్టారు అడవి ఏడాది పొడవునా కార్బన్ పట్టి, వాన కురిపించి, చిలకలను పెంచి పెడితే వచ్చేది అంతే. వెంట్రుకలు మాత్రం ఇవ్వక్కర్లేదు.

అదే అడవి పడిపోతే సంగతి వేరు. మన దేశంలో అటవీ భూమిని గనికో రోడ్డుకో మళ్లించేవాళ్లు ‘నికర వర్తమాన విలువ’ అని కట్టాలి. తరగతిని బట్టి హెక్టారుకు సుమారు తొమ్మిదిన్నర లక్షల నుంచి పదహారు లక్షల దాకా. నిలబడితే 350, పడితే పది లక్షలు. చెట్లకు లెక్కలు రావు కాబట్టి సరిపోయింది, వస్తే ఈపాటికి వాటంతటవే పడుకునేవి.

డబ్బొక్కటే కాదు, కొట్టిన అడవికి బదులు అడవి కూడా పెంచాలి. గ్రేట్ నికోబార్ దీవిలో సుమారు 130 చదరపు కిలోమీటర్ల వానల అడవిని ఓడరేవుకూ విమానాశ్రయానికీ ఇచ్చి, బదులు చెట్లకు స్థలం హర్యానాలో చూపించారు. మా అవ్వకు మోకాలు నొప్పి అంటే పక్కింటావిడ మోకాలికి మందు రాయడం లాంటి వైద్యం ఇది. అవ్వ తగ్గలేదంటే, మందు రాశామని రికార్డు ఉంది అంటారు.

రికార్డు అంటే గుర్తొచ్చింది. బ్రెజిల్‌లో అడవిని కాజేసేవాళ్లు దొంగ దస్తావేజులు రాసి, కీచురాళ్లున్న డబ్బాలో పడేసేవారట. అవి కొరికి, పాడుచేసి కాగితాన్ని పాతగా చేసి పెట్టేవి. ఆ దందాకు పేరే కీచురాయి మీద పడింది. మన వైపు అంత కష్టం లేదు. దొంగ కాగితాన్ని పాతది చెయ్యనక్కర్లేదు, అసలు కాగితాన్ని చెదలు చూసుకుంటాయి. పాత డీకేటీ పట్టా, అంటే సర్కారు పేదలకిచ్చిన భూమి కాగితం, వెతుక్కుంటూ తిరిగినవాళ్లను అడగండి.

ఇక మా కొండల అసలు సరుకు, ఎర్రచందనం. శేషాచలం, పాలకొండలు, లంకమల, వెలిగొండ. లోకంలో ఇది తనంతట తాను పెరిగే చోటు ప్రధానంగా ఇదే. 1995 నుంచి అంతర్జాతీయ వ్యాపారం మీద నియంత్రణ ఉంది. కొండ మీద నిలబడిన చెట్టు ప్రభుత్వ పద్దులో ఖర్చు: గార్డు జీతం, జీపు డీజిలు. దాన్ని దొంగ కొట్టి, మోసుకొచ్చి, పట్టుబడితే అప్పుడు జమ పద్దులోకి వస్తుంది. దుంగకు ఏ, బీ, సీ గ్రేడులు వేస్తారు, ఈ-వేలంలో పెడతారు. ఆ లెక్కన ఖజానాకు సరుకు అందించేది దొంగే, అదీ జీతం లేకుండా. కొండెక్కేది మాత్రం ఎప్పుడూ కొనేవాడు కాదు, అవతల తమిళనాడు కొండల నుంచి కూలికి వచ్చినవాడు. 2015 ఏప్రిల్ 7న శేషాచలంలో పోలీసు కాల్పుల్లో 20 మంది చనిపోయారు. ఈ ఒక్క అంకె దగ్గర నాకు వేళాకోళం రాదు.

మా అడవి సంగతికి వద్దాం. అర్జీ సిద్ధం చేశాను. ఏడాదికి 350 చొప్పున నలభై ఏళ్ల బకాయి 14,000 రూపాయలు. వన్‌బీ, అడంగల్ అనే భూమి రికార్డులు, తోపులో మా నాన్న నిలబడిన ఫోటో జత చేశాను. ఇంతలో ఊళ్లో రీసర్వే కొలతలు వచ్చాయి. మాది 2.46 అని తేలింది.

“నాలుగు సెంట్లే కదన్నా తగ్గింది, చెట్లెక్కడికీ పోలేదు కదా” అన్నాడు సర్వేయరు తమ్ముడు, ఓదార్పుగా. నిజమే, ఒక్క కొమ్మ విరగలేదు. కానీ హెక్టారుకు ఒక సెంటు తక్కువైంది. ఏ గొడ్డలీ పడకుండా మా అడవి నూటికి నూరు పాళ్లూ నాశనమైంది.

హర్యానాలో ఎవరైనా నాలుగు సెంట్ల ఖాళీ నేల అమ్ముతారేమోనని వాకబు చేస్తున్నాను.